పుట్టని మృగం బతుకు చిత్రం

ఏనుగు తొండం, మొసలి దవడ, చేప తోక కలిసిన మకరం. తనను తానే తినేసి ముఖం ఒక్కటే మిగిలిన కీర్తిముఖం. చుక్కల ఒంటితో గంతులేసి ఒక్క బాణానికి మాయమైన బంగారు లేడి. ఏ అడవిలోనూ పుట్టని ఈ ప్రాణులు గద్వాల, వనపర్తి, నాగర్‌కర్నూల్ నేలమీద వందల ఏళ్లుగా పుడుతున్నాయి, రూపు మారుస్తున్నాయి, మళ్లీ పుడుతున్నాయి. వాటి జీవితచక్రంలో గొప్ప యానిమేషన్ సినిమా దాగి ఉంది.

తెల్లటి తెర. నడుమ ఒక చుక్క. చుక్క సాగి గీతవుతుంది. గీత చుట్టుకుని సున్నా అవుతుంది. సున్నా ఒకచోట తెరుచుకుంటే నోరు. నోటికి ఆకలేస్తుంది. ఆకలికి కాళ్లు మొలుస్తాయి. కాళ్లు పరుగెత్తి, అలసి, రాలిపోతాయి. మిగిలిన గీత ముడుచుకుని చుక్కవుతుంది. ఐదు నిమిషాల్లో ఒక ప్రాణి పుట్టుక నుంచి చావు దాకా చూసేస్తాం. ఆ ప్రాణికి పేరుండదు, మాటలుండవు. అయినా దాని ఆకలి మనకు తెలుస్తుంది, దాని అలసట మనల్ని తాకుతుంది.

అమూర్త యానిమేషన్ పని ఇది. ఇందులో ఆకారం మారడమే కథ. రంగు, గీత, వేగం, చప్పుడు తప్ప పాత్రలుండవు. ఊహల్లోంచి పుట్టిన ప్రాణి బతుకును ఇలా చూపే చిన్న సినిమాలు ప్రపంచంలో చాలాచోట్ల వస్తున్నాయి. మన దగ్గర ఈ మాట ఎత్తితే, అది పరదేశపు చిత్రోత్సవాల వ్యవహారం, మన జనానికి ఎక్కదు అనేవాళ్లే ఎక్కువ. ఆ మాట నేను ఒప్పుకోను. 2016 అక్టోబరు 11న పాత మహబూబ్‌నగర్ జిల్లా నుంచి విడివడిన ఈ మూడు జిల్లాల్లో తిరిగితే ఎవరూ ఒప్పుకోరు. లేని ప్రాణికి ఒళ్లు ఇవ్వడం, ఆ ఒంటిని కదిలించడం, చివరికి ఒక గుర్తుగా కుదించడం ఇక్కడి చేతులకు ఏనాటి నుంచో వచ్చు. రాతిలో వచ్చు, నూలులో వచ్చు, తోలులో వచ్చు. ఇక మిగిలింది తెర ఒక్కటే.

తననే తిన్న ప్రాణి

కృష్ణా తుంగభద్రల నడుమ నేలను నడిగడ్డ అంటారు. ఆ రెండు నదులు కలిసే చోటుకు దగ్గరలో, తుంగభద్ర ఎడమ ఒడ్డున అలంపురం ఉంది. ఏడు, ఎనిమిది శతాబ్దాల్లో బాదామి చాళుక్యులు అక్కడ తొమ్మిది గుళ్లు కట్టారు. తారక, స్వర్గ, పద్మ, బాల, గరుడ, కుమార, అర్క, వీర, విశ్వ అనే పేర్లతో వాటిని నవబ్రహ్మ ఆలయాలంటారు. పేర్లలో బ్రహ్మ ఉన్నా తొమ్మిదింటిలో కొలువైంది శివుడే. స్వర్గబ్రహ్మ ఆలయం వినయాదిత్యుడు (681-696) ఏలిన కాలానిదని శాసనం చెబుతోంది.

చాళుక్య శిల్పం చూడబోయేవాళ్లు దేవతామూర్తుల దగ్గర ఆగుతారు. గూళ్ల నెత్తిన, తోరణాల కొసల్లో, ద్వారబంధాల మీద ఉన్న చిన్న ప్రాణుల్ని చూడకుండా దాటిపోతారు. ఈసారి మకరం దగ్గర ఒక్క నిమిషం నిలబడండి. మూతి నుంచి తోక దాకా మెల్లగా చూస్తూ పొండి. తొండం దగ్గర అది ఏనుగు. దవడకు వచ్చేసరికి మొసలి. నడుము దాటాక చేప. తోక దగ్గర ఏ జంతువూ కాదు, సుళ్లు తిరిగిన లత. ఒక ప్రాణి ఇంకో ప్రాణిగా మారుతున్న దశలన్నిటినీ శిల్పి ఒకే ఒంటిమీద వరసగా పేర్చాడు. యానిమేషన్ స్టూడియోల్లో ముందు ముఖ్యమైన భంగిమలు గీస్తారు. ఒక భంగిమ నుంచి మరోదానికి నడిపించే బొమ్మలు తర్వాత గీస్తారు. కదలికకు ప్రాణం పోసేవి ఆ నడిమి బొమ్మలే. మకరం ఒళ్లంతా ఆ నడిమి బొమ్మే. కదిలేది రాయి కాదు కాబట్టి చూసేవాడి కన్ను కదలాలి.

కీర్తిముఖం కథ ఇంకా సూటిగా మన విషయానికి వస్తుంది. పురాణం ప్రకారం జలంధరుడి దూతగా వచ్చిన రాహువు శివుడి ముందు నోరు జారాడు. శివుడి కోపం నుంచి సింహం మొహం, బక్క ఒళ్లు, తీరని ఆకలి ఉన్న ఒక జీవి పుట్టి రాహువు మీదికి దూకింది. రాహువు శరణు వేడాడు, శివుడు వదిలేయమన్నాడు. మరి నా ఆకలి సంగతేమిటని ఆ జీవి అడిగింది. నిన్ను నువ్వే తిను అన్నాడు శివుడు. అది కాళ్ల నుంచి మొదలుపెట్టింది. చేతులు, పొట్ట, ఛాతీ అన్నీ తినేసింది. తినడానికి ఇక ఏమీ లేక ముఖం మిగిలింది. ఆ ముఖానికే కీర్తిముఖమని పేరు పెట్టి, తన గుమ్మం మీద ఉండే గౌరవం ఇచ్చాడు శివుడు.

పుట్టుక, ఆకలి, తననే తినడం, చివరికి గుమ్మానికి కాపలా. ఒక ఊహాప్రాణి జీవితచక్రం ఇంత పొందికగా చెప్పిన కథలు తక్కువ. సంభాషణ తీసేసినా కథ నిలుస్తుంది. శివుడినీ రాహువునూ తీసేసినా నిలుస్తుంది. పెద్ద ఆకారం తన అంచుల్ని తానే కొరుక్కుంటూ చిన్నదై, చిన్నదయ్యేకొద్దీ చిక్కబడి, చివరికి ఒక ముఖంగా స్థిరపడుతుంది. దీన్ని తెరమీద చూపడానికి కావలసింది ఒక గీత, దాన్ని అరగదీసే ఓపిక.

అలంపురంలోనే మరో వరస ఉంది. పద్దెనిమిది శక్తిపీఠాల్లో ఒకటైన జోగులాంబ తలమీద బల్లి, తేలు, గబ్బిలం, పుర్రె కనిపిస్తాయి. ఇంట్లో జీవకళ తగ్గేకొద్దీ ముందు బల్లులు పెరుగుతాయని, తర్వాత తేళ్లు చేరతాయని, ఆపైన గబ్బిలాలు వేలాడతాయని, చివరికి మరణమని పెద్దలు దీనికి అర్థం చెబుతారు. అమ్మవారు ఆ కీడును తొలగించే గృహచండి అని నమ్ముతారు. ఒక ఇల్లు పాడుబడే కాలమంతా నాలుగు బొమ్మల్లో ఉంది. చదువు రాని భక్తురాలు కూడా ఆ నాలుగు బొమ్మల్ని వరసగా చదువుకోగలదు. బొమ్మల వరసతో కాలాన్ని చూపడం మన జనానికి కొత్త కాదనడానికి ఇంతకన్నా రుజువు ఎందుకు?

ఊరు మారిన రాళ్లు

రాతి ప్రాణులకు చావు లేదనుకుంటాం. శ్రీశైలం ప్రాజెక్టు ఆ భ్రమను తీసేసింది. జలాశయం నిండితే కృష్ణ ఒడ్డున ఉన్న పల్లెలు, గుళ్లు మునిగిపోతాయని తేలాక పురావస్తు శాఖ వాళ్లు గుళ్లను విప్పడం మొదలుపెట్టారు. ప్రతి రాయికీ అంకె వేశారు. ఏ రాయి దేనిమీద కూర్చుందో గీసి పెట్టుకున్నారు. విప్పి, మోసుకెళ్లి, మెట్ట మీద అదే వరసలో మళ్లీ పేర్చారు. కూడవెల్లి సంగమేశ్వరాలయం అలంపురం చేరింది అలాగే. మంచాలకట్ట మాధవస్వామి కొల్లాపురం చేరింది అలాగే. సోమశిల, జటప్రోలు గుళ్లు కూడా నీటి అంచు నుంచి పైకి వచ్చాయి.

ఈ పని గురించి మనం తగినంత మాట్లాడుకోలేదు. అంకె వేసిన రాళ్ల కుప్ప గుడి కాదు. వరస తప్పితే మకరం తోక సింహం మెడకు అతుక్కుంటుంది. గుడి ప్రాణం రాళ్లలో కన్నా రాళ్ల వరసలో ఉందని ఆ కూలీలకు, మేస్త్రీలకు, ఇంజనీర్లకు తెలిసింది. యానిమేషన్ చేసేవాళ్లకు ఈ సంగతి వేరే చెప్పనక్కర్లేదు. అంకె వేసిన కాగితాల దొంతరే వాళ్ల ఆస్తి. అలంపురం శిల్పసంపద, శాసనాల కోసం జీవితమంతా పాటుపడిన గడియారం రామకృష్ణ శర్మ (1919-2006)ను ఇక్కడ తలచుకోవాలి. ఆయన ఆత్మకథ ‘శతపత్రము’కు 2007లో, ఆయన పోయిన తర్వాత, కేంద్ర సాహిత్య అకాడమీ పురస్కారం వచ్చింది. ఆయన లాంటివాళ్లు పట్టుబట్టకపోతే ఈ ప్రాణుల్లో ఎన్ని మన కంటికి దక్కేవో ఊహించుకోవచ్చు.

సోమశిల ఒడ్డున నిలబడితే కృష్ణకు అవతల, నంద్యాల జిల్లా వైపు సప్తనదుల సంగమేశ్వరం ఉంది. ఆ గుడి ఏటా నీళ్లలో మునుగుతుంది, జలాశయం తగ్గినప్పుడు వేసవిలో తేలుతుంది. మునగడం, తేలడం దానికి ఏటేటా జరిగే చావు పుట్టుకలు.

కొల్లాపురం దగ్గరే సింగోటం. సంక్రాంతి వేళ జాతరతో పోటెత్తే ఆ ఊళ్లో లక్ష్మీనరసింహస్వామి లింగాకారంలో ఉంటాడు. నరసింహుడంటే మనకు జూలు, కోరలు, గోళ్లు, స్తంభం చీల్చుకొచ్చే భీకరరూపం గుర్తొస్తాయి. సగం మనిషి, సగం సింహం. ఊహాప్రాణుల్లోకెల్లా పెద్ద ప్రాణి. సింగోటంలో జూలు లేదు, కోరలు లేవు. ఒక నున్నని రాతి రూపం. ఆ రూపం ముందు నిలబడిన రైతుకు, కూలికి సింహం కనిపించక లోటు అనిపించదు. అవయవాలు తీసేసిన ఆకారంలో అంతటి ఉగ్రతను చూడగల జనానికి అమూర్త చిత్రం అర్థం కాదని ఎవరు చెప్పగలరు?

అట్టల్లో దాగిన జన్మ

ఇక గద్వాల. సోమనాద్రి కోట, కోటలో చెన్నకేశవుడు, కవిపండితులను పోషించిన సంస్థానం ఉన్న ఊరే అయినా, దేశమంతా గద్వాల పేరు మోస్తున్నది మాత్రం చీర. ఒడలు నూలు, అంచు కొంగు పట్టు. నూలు పడుగు, పట్టు పడుగు రెండూ ఒకే మగ్గం మీద పక్కపక్కన సాగుతాయి. ఒడలికి ఒక నాడె, రెండు అంచులకు రెండు నాడెలు. ఒడలి పేక వచ్చి అంచు పేకతో మెలికపడి వెనక్కి తిరుగుతుంది. ఆ మెలికనే కుప్పడం అంటారు. ఒక్క పోగు తప్పినా అంచు ఊడినట్టే కనిపిస్తుంది.

ఆ మెలిక దగ్గర మొలిచే కోణాల వరస కోటకొమ్మ. గోడ, బురుజు, రాయి అన్నీ వదిలేసి కోటను ఒక త్రికోణానికి కుదించారు నేతగాళ్లు. గద్వాల సంస్థానం తరఫున తిరుమల శ్రీవారికి బ్రహ్మోత్సవాల్లో సమర్పించే ఏరువాడ జోడు పంచెల అంచుల మీదా ఈ కోటకొమ్మలే ఉంటాయి. వాటిని నేసే వారు నియమనిష్ఠలతో మగ్గం దగ్గర కూర్చుంటారు. మన అమ్మలు, అమ్మమ్మలు పెళ్లిళ్లకు కట్టిన అంచు అమూర్తకళే. దానికి ఎవరూ ప్రవేశరుసుము పెట్టలేదు, ఎవరూ అర్థం కాలేదని చిరాకు పడలేదు.

అంచులోనూ కొంగులోనూ హంస, నెమలి, మామిడి పిందె, రుద్రాక్షలతో పాటు యాళి, గండభేరుండం వంటి ఊహామృగాలు కూడా పోగుల్లోంచి లేస్తాయి. ఇవి ఎలా పుడతాయో చూడాలంటే మగ్గం నెత్తిన ఉన్న జకార్డ్ పెట్టె చూడాలి. డిజైన్ చేసేవారు ముందు గళ్ల కాగితం మీద బొమ్మ గీస్తారు. ఒక్కో గడి ఒక పడుగు పోగు, ఒక పేక పోగు కలిసే చోటు. గడుల్లో ఒక్కో అడ్డ వరసకు ఒక్కో అట్ట. పడుగు పైకి లేవాల్సిన చోట అట్టకు రంధ్రం కొడతారు. రంధ్రమున్న చోట కొక్కెం తనకు కట్టిన పోగును ఎత్తుతుంది, లేనిచోట పోగు కిందనే ఉంటుంది. ఆ సందులోంచి నాడె దూరుతుంది. ఒక అట్ట, ఒక పేక. అట్టలన్నీ దారంతో దండగా కుట్టి ఉంటాయి. నేతగాడు కాలితో తొక్కినప్పుడల్లా దండ ఒక అట్ట ముందుకు తిరుగుతుంది.

యాళి బొమ్మకు రెండు వందల అట్టలున్నాయనుకుందాం. మొదటి అట్ట మీద దాని గోళ్ల అంచు తప్ప ఏమీ ఉండదు. యాభయ్యో అట్టకు కాళ్లు, వందో అట్టకు నడుము, నూటయాభైకి మెడ, చివరకు జూలు. ఏ ఒక్క అట్టలోనూ యాళి లేదు. రెండు వందలూ వరసగా తిరిగితేనే ఉంది. చివరి అట్టను మొదటి అట్టకు కుట్టేస్తారు కాబట్టి జూలు కొస ముగిసిన మరుక్షణం మళ్లీ గోళ్లు మొదలవుతాయి. చీర పొడవునా ఆ మృగం పుట్టి, ఎదిగి, ముగిసి, తిరిగి పుడుతూనే ఉంటుంది. జీవితచక్రం అన్న మాటకు ఇంత నిక్కచ్చి యంత్రరూపం నాకు మరెక్కడా కనిపించలేదు.

ఇది కేవలం పోలిక చెప్పుకుని మురిసిపోవడం కాదు. చరిత్ర కూడా ఇలాగే నడిచింది. ఫ్రాన్స్‌లో జోసెఫ్ మేరీ జకార్డ్ 1804లో ఈ అట్టల పద్ధతిని పట్టు మగ్గాలకు తెచ్చాడు. ఆ రంధ్రాల అట్టల ఆలోచనే ఇంగ్లండ్‌లో చార్లెస్ బాబేజ్ గణనయంత్రానికి, ఆ దారిలోనే కంప్యూటర్లకు చేరింది. అదే ఫ్రాన్స్‌లో ఎమిల్ రేనో అనే ఆయన రంధ్రాలు కొట్టిన పొడవాటి పట్టీ మీద చేత్తో వేసిన వందల బొమ్మల్ని తిప్పుతూ 1892 అక్టోబరు 28న పారిస్‌లో జనానికి కదిలే బొమ్మలాట చూపించాడు. సినిమా పుట్టకముందు జరిగిన ఆ ప్రదర్శన గుర్తుగానే ఏటా అక్టోబరు 28ని అంతర్జాతీయ యానిమేషన్ దినోత్సవంగా జరుపుకుంటున్నారు. మగ్గం అట్ట, బొమ్మల పట్టీ, కంప్యూటర్ మూడూ ఒకే సూత్రం మీద నడుస్తాయి. పనిని చిన్న చిన్న మెట్లుగా విడగొట్టి వరసగా తిప్పాలి. గద్వాలలో, రాజోలిలో, అయిజలో అట్ట కొట్టే మనిషికి ఈ సూత్రం చేతివేళ్లలో ఉంది.

గద్ద చూపిన జాడ

వనపర్తి జిల్లాలో కొత్తకోట, అమరచింతల్లో మగ్గాలు ఇదే పని చేస్తున్నాయి. పెబ్బేరు దగ్గర శ్రీరంగాపురంలో వనపర్తి రాజులు పద్దెనిమిదో శతాబ్దంలో కట్టించిన రంగనాయకస్వామి గుడి, రంగసముద్రం చెరువు ఉన్నాయి. రాజుకు కలలో స్వామి కనిపించి, ఒక గద్ద నీకు దారి చూపుతుంది, దాని వెంట పో అన్నాడని, మర్నాడు ఆ గద్ద ఎగిరిన వైపు వెళితే విగ్రహం దొరికిందని స్థలపురాణం. కథలో గద్దకు మొహం లేదు, మాట లేదు. ఆకాశంలో అది గీసిన గీత ఒక్కటే ఉంది. ఆ గీత చివర ఒక ఊరు పుట్టింది.

వైష్ణవాలయాల్లో బ్రహ్మోత్సవాలొస్తే హంస, గరుడ, శేష, సింహ వాహనాలు బయటికి వస్తాయి. ఏడాదంతా వాహనమండపంలో నిద్రపోయిన చెక్క ప్రాణులకు ఆ కొద్ది రోజులు భుజాలే కాళ్లవుతాయి. మోసేవాళ్లు అడుగు మారిస్తే హంస ఊగుతుంది, వేగం పెంచితే గరుడుడు ఎగురుతాడు. బొమ్మను కదిలించేది బొమ్మలోని శక్తి కాదని, కదిలించే మనిషి శ్వాస అని మన ఉత్సవాలు ఏటా నేర్పుతున్నాయి.

వనపర్తి సంస్థానపు ప్యాలెస్‌లో ఇవాళ ప్రభుత్వ పాలిటెక్నిక్ నడుస్తోంది. రాజదర్బారు తరగతి గది అయిన చోట చదివే పిల్లలకు యంత్రం ఎలా పనిచేస్తుందో తెలుసు. పక్క ఊళ్లోని జకార్డ్ పెట్టె కూడా తమ పాఠ్యాంశమేనని వాళ్లకు చెప్పేవాళ్లు కావాలి.

చుక్కలతో పుట్టిన లేడి

నాగర్‌కర్నూల్ జిల్లా బిజినేపల్లి మండలంలో నంది వడ్డెమాన్ అనే ఊరుంది. ఒకప్పటి వర్ధమానపురం, గోన వంశీయుల రాజధాని. ద్విపదలో రాసిన రంగనాథ రామాయణం ఆ వంశంలోని గోన బుద్ధారెడ్డిదని ప్రతీతి. పదమూడో శతాబ్దపు ఆ కావ్యం పండితుల ఇళ్లలో ఆగిపోలేదు. పాడుకోవడానికి వీలైన ద్విపద కాబట్టి తోలుబొమ్మలాట వాళ్లు దాన్ని అందుకున్నారు. వర్ధమానపురం పేరు తెలియని ఊళ్లలో కూడా ఆ కావ్యం దీపం వెలుగులో బొమ్మలై ఆడింది.

ఆ తెరమీద మాయలేడిని తలచుకోండి. మారీచుడు తన ఒళ్లు వదిలి లేడి ఒంట్లోకి దూరతాడు. అది పుట్టుక. పచ్చికలో గంతులేస్తుంది, చేతికందినట్టే అంది తప్పుకుంటుంది. అది యౌవనం. రాముడిని దూరం లాక్కెళుతుంది. బాణం తగిలి లేడి ఒళ్లు రాలి, రాక్షసుడు బయటపడి, అరువు గొంతుతో అరిచి చచ్చిపోతాడు. ఆ జీవి బతికింది కొద్దిసేపు. ఆ కొద్దిసేపటిలో రామాయణం దారి మారిపోయింది.

తోలుబొమ్మలాట వాళ్లు దీన్ని చూపే పద్ధతిలో యానిమేషన్ మెలకువలన్నీ ఉన్నాయి. తోలును వెలుతురు దూరేంత పలచగా గీకుతారు. రెండు వైపులా రంగులు అద్దుతారు. సన్నని ఉలితో రంధ్రాలు కొడతారు, ఆ రంధ్రాలే తెరమీద నగలుగా, లేడి ఒంటి చుక్కలుగా మెరుస్తాయి. భుజం, మోచేయి, మణికట్టు విడివిడి ముక్కలు, దారంతో కట్టి ఉంటాయి. బొమ్మను తెరకు ఆనిస్తే అంచు పదునుగా కనిపిస్తుంది. వెనక్కి లాగితే ఆకారం పెద్దదై, పలచబడి, నీడ మరకగా కరిగిపోతుంది. లేడి మాయం కావడానికి ఇంకే తంత్రమూ అవసరం లేదు. బొమ్మకూ గుడ్డకూ మధ్య జానెడు చోటు చాలు.

జర్మనీలో లొట్టే రైనిగర్ నల్ల కాగితాన్ని కత్తిరించి, కీళ్లు కట్టి, ఒక్కో కదలికనూ ఫొటో తీసి 1926లో ‘ప్రిన్స్ అక్‌మెద్ సాహసాలు’ అనే పూర్తి నిడివి చిత్రం తీసింది. నేటికీ మిగిలి ఉన్న పూర్తి నిడివి యానిమేషన్ చిత్రాల్లో అదే పాతది. ఆమె వాడిన పద్ధతి ఆసియా నీడబొమ్మలాటల కుటుంబానిదే. మన దేశంలో ఫిల్మ్స్ డివిజన్ 1956లో కార్టూన్ ఫిల్మ్ యూనిట్ పెట్టి, డిస్నీ స్టూడియోలో పనిచేసిన క్లెయిర్ వీక్స్‌ను శిక్షణకు పిలిచింది. 1957లో వచ్చిన ‘ద బన్యన్ డీర్’ ఆ యూనిట్ తొలి ఫలం. జాతక కథలోని బంగారు లేడి దాని కథానాయకుడు. ఆ యూనిట్ కళ్లు తెరిచిన నాడు మొదట కదిలిన వాటిలో ఊహాలోకపు లేడి ఉంది. ఆ లేడి తోబుట్టువు ఏడు వందల ఏళ్లుగా మన పాటలో పరుగెడుతూనే ఉంది.

గీతే పాత్ర

అమూర్త యానిమేషన్ చరిత్ర కూడా రూపం మారే ఆటతోనే మొదలైంది. 1908లో ఫ్రాన్స్‌లో ఎమిల్ కోల్ ‘ఫాంటస్మగోరీ’ తీశాడు. రెండు నిమిషాలు కూడా లేని ఆ చిత్రానికి దాదాపు 700 బొమ్మలు గీశాడు. ఒక గీత మనిషవుతుంది, సీసా పువ్వవుతుంది, ఏదీ ఒక రూపంలో నిలవదు. 1914లో అమెరికాలో విన్సర్ మెకే ‘గెర్టీ’ అనే డైనోసార్‌కు వేల బొమ్మలతో ప్రాణం పోశాడు. అది అలిగేది, ఏడ్చేది, మాట వినేది. 1935లో లెన్ లై కెమెరా జోలికే పోకుండా ఫిల్మ్ మీద నేరుగా రంగులు పూసి ‘ఎ కలర్ బాక్స్’ చేశాడు. మన దేశంలో చిత్రకారుడు అక్బర్ పదంసీ 1970 ప్రాంతంలో ‘సిజిజీ’ చేశాడు. మాటల్లేవు, సంగీతం లేదు. గీతలు, బిందువులు కలుస్తూ విడిపోతూ ఉంటాయి. దానికి వేయి దాకా బొమ్మలు గీశారు, యానిమేషన్‌లో రామ్ మోహన్ తోడు నిలిచారు. దేశంలో అమూర్త యానిమేషన్‌కు అది తొలి మైలురాయి, తర్వాత ఆ దారిలో నడిచినవాళ్లు మాత్రం తక్కువ.

తెలుగువాళ్లకు యానిమేషన్ పరిశ్రమ కొత్త కాదు. హైదరాబాద్ స్టూడియోలు ప్రపంచానికి పనిచేసి పెడుతున్నాయి. ‘ఛోటా భీమ్’ పుట్టింది హైదరాబాద్ కంపెనీ గ్రీన్ గోల్డ్‌లో. 2012లో రాజమౌళి ‘ఈగ’లో చచ్చిన మనిషి ఈగగా పుట్టి మాట లేకుండా నడిపిన కథకు ఊళ్లకు ఊళ్లు చప్పట్లు కొట్టాయి. మాట్లాడని ప్రాణి కోపాన్ని, ప్రేమను మన ప్రేక్షకులు రెక్క కదలికలోనే చదివారు. నైపుణ్యం ఉంది, చూసే కళ్లున్నాయి. లోపించింది సొంత ప్రాణులు. స్టూడియోల్లో పనిచేసే మన పిల్లలు ఎవరో ఊహించిన డ్రాగన్లకు పొలుసులు అద్దుతున్నారు. తమ జిల్లాలోని మకరం తోక ఎన్ని సుళ్లు తిరిగిందో చూసే తీరిక వాళ్లకు ఎవరూ ఇవ్వలేదు.

ఊహామృగం చచ్చేది ఇలాంటి నిర్లక్ష్యంతోనే. అడవిలో పులి తగ్గితే లెక్క తెలుస్తుంది. అమ్రాబాద్ అడవుల్లో కెమెరాలు పెట్టి మరీ లెక్కిస్తారు. అంచు మీది యాళి తగ్గితే లెక్కించేవాళ్లు లేరు. అట్ట అంటే కాగితమే కదా. తడుస్తుంది, చిరుగుతుంది, రంధ్రాలు సాగుతాయి. ఆ డిజైన్‌కు గిరాకీ తగ్గితే దండ మూలపడుతుంది. గీసిన గళ్ల కాగితం ఎలుకలపాలైతే, ఆ మృగానికి తిరిగి పుట్టే దారి మూసుకుపోతుంది. మరమగ్గాల వాళ్లు బొమ్మ పైరూపాన్ని అచ్చుగుద్దగలరు కానీ, ఆ వంపు అక్కడ ఎందుకు తిరిగిందో చెప్పే మనిషి ఉండడు.

చేయాల్సిన పని

మొదటి పని అట్టల్ని, గళ్ల కాగితాల్ని దాచడం. గద్వాల, రాజోలి, అయిజ, కొత్తకోట, అమరచింతల్లో పాత డిజైన్లు ఏ ఇంట్లో ఉన్నాయో కనుక్కుని, స్కాన్ చేసి, ఎవరు గీశారో రాసి భద్రపరచాలి. చేనేత శాఖ, నేతగాళ్ల సంఘాలు కలిస్తే ఇది మోయలేని భారమేమీ కాదు. డిజైన్ మీద హక్కు గీసిన కుటుంబానికే ఉండాలి. దాన్ని సినిమాకు వాడుకుంటే వాళ్లకు డబ్బు ముట్టాలి.

రెండోది బడిలో మొదలుపెట్టాలి. సినిమా తెరమీద సెకనుకు 24 ఫ్రేములు తిరుగుతాయి. ఒక్కో బొమ్మను రెండేసి ఫ్రేములు నిలిపితే సెకనుకు 12 బొమ్మలు చాలు. నిమిషం సినిమాకు 720 బొమ్మలు. నలభై మంది పిల్లలున్న తరగతిలో తలా 18 బొమ్మలు గీస్తే నిమిషం సినిమా పూర్తవుతుంది. ఫొటోలు తీయడానికి మాష్టారి ఫోన్ సరిపోతుంది. అలంపురం మకరాన్ని తొండం నుంచి తోక దాకా నడిపించండి. కీర్తిముఖం తనను తాను తింటుంటే ఏ అంచు ముందు పోతుందో పిల్లల్నే తేల్చుకోమనండి. ఎనిమిదో తరగతి పిల్లకు ఇవి అర్థమవుతాయి. పెద్దవాళ్లకు అర్థం కాకపోతే ఆ పిల్లే చెబుతుంది.

మూడోది చప్పుడు. అచ్చంపేట అడవుల వైపు లింగాల మండలం అవుసలికుంటకు చెందిన దర్శనం మొగులయ్య పన్నెండు మెట్ల కిన్నెర మీద వీరగాథలు పాడారు, 2022లో పద్మశ్రీ అందుకున్నారు. వెదురు దండె, సొరకాయ బుర్రలు, మైనంతో నిలబెట్టిన మెట్లు. ఆ మెట్ల మీద వేళ్లు ఎక్కుతూ దిగుతూ ఉంటే ఒక ప్రాణి నడక వినిపిస్తుంది. మాటల్లేని సినిమాకు ఇంతకన్నా తగిన తోడు ఈ నేలమీద దొరకదు. ఆ వాద్యం నేర్చుకునే పిల్లలు కొందరైనా ముందుకు రావడానికి కూడా ఇలాంటి పని ఒక సాకు కావాలి.

ఇన్ని చేతులు కలిస్తే వచ్చే సినిమా ఐదు నిమిషాలే ఉండవచ్చు. దాని వెనక పదమూడు వందల ఏళ్ల సాధన ఉంటుంది. అలంపురంలో మకరాన్ని చెక్కినవాడి పేరు మనకు తెలియదు. మాయలేడి ఒంటికి మొదట చుక్కలు పొడిచినవాడి పేరు తెలియదు. కోటకొమ్మను మొదట కుప్పడంలో మెలిపెట్టినవాడి పేరూ తెలియదు. వాళ్లకు జరిగిన ఆ అన్యాయాన్ని ఇప్పుడు సరిదిద్దలేం. సినిమాకు మాత్రం టైటిళ్లుంటాయి. ఊహామృగం కథ తెరకెక్కే రోజున ఆ టైటిళ్లలో దర్శకుడి పేరు కన్నా ముందు, గళ్ల కాగితం మీద బొమ్మ గీసిన మనిషి పేరు, అట్టకు రంధ్రం కొట్టిన మనిషి పేరు, వాళ్ల ఊళ్ల పేర్లతో సహా పడాలి.